బొహ్దాన్: ఇవ్వబడిన భాగ్యం

ఉక్రెయిన్‌కు చెందిన ఒక సహోద్యోగికి రాసిన మొదటి ఉత్తరంలోనే నేను అతని పేరును తప్పుగా రాశాను. అంతకు ముందు చరిత్ర పుస్తకాల్లో చూసిన అలవాటు కొద్దీ 'బొగ్దాన్' అని సంబోధించాను. అతను నేనడిగిన విషయాలన్నింటికీ ఓపికగా జవాబిచ్చి, చివర ఒక్క వాక్యం మాత్రం చేర్చాడు: మా భాషలో ఆ పేరులో 'గ' లేదు, 'హ' ఉంది, వీలైతే బొహ్దాన్ అని రాయండి. అందులో నిష్ఠూరం లేదు. అయినా మనిషి పేరును సరిగా పలకలేకపోవడం చిన్న తప్పు కాదని నాకు అనిపించింది. క్షమాపణ చెప్పుకొని, ఆ ఒక్క అక్షరం ఎందుకు మారిందో తెలుసుకోవడానికి చదవడం మొదలుపెట్టాను. ఆ చదువు నన్ను నేను ఊహించని చోటికి, మనం రోజూ వాడే మాటల దగ్గరికే తీసుకువచ్చింది.

అక్షరం సంగతి ముందు చెబుతాను. ప్రాచీన స్లావిక్ భాషలోని 'గ' ధ్వని రష్యన్, పోలిష్, సెర్బియన్, బల్గేరియన్ వంటి భాషల్లో అలాగే నిలిచింది. ఉక్రేనియన్, బెలరూసియన్, చెక్, స్లొవాక్ భాషల్లో గొంతులోంచి మెత్తగా వచ్చే 'హ'గా మారింది. అందుకే ఒకే పేరు బెల్‌గ్రేడ్‌లో బొగ్దన్, ప్రాగ్‌లో బొహ్దన్, కీవ్‌లో బొహ్దాన్ అయింది. ఊనిక కూడా ఒకచోట ఉండదు. ఉక్రేనియన్లు, రష్యన్లు రెండవ అక్షరాన్ని ఒత్తి పలుకుతారు కాబట్టి అది మన చెవికి 'దాన్' అని దీర్ఘంగా వినిపిస్తుంది. చెక్, పోలిష్, సెర్బియన్ భాషల వారు మొదటి అక్షరం మీదనే బరువు వేస్తారు. రష్యన్‌లో ఇంకొక విశేషం ఉంది: దేవుడు అనే అర్థంలో 'బోగ్' అన్న మాట ఒంటరిగా వచ్చినప్పుడు చర్చి సంప్రదాయాన్ని అనుసరించి 'బోఖ్' అని పలుకుతారు గాని, అదే మాట పేరులో చేరినప్పుడు 'గ' స్పష్టంగానే వినబడుతుంది.

పేరు రెండు ముక్కలు. రెండవ ముక్క 'దాన్' అంటే ఇవ్వబడినవాడు. ఇవ్వడం అనే అర్థం గల 'దాతి' ధాతువు నుంచి వచ్చిన కర్మణి రూపమది. మన దానం, దాత, దత్తత అన్నీ పుట్టిన 'దా' ధాతువూ, ఇదీ ఒకే ఇండో-యూరోపియన్ మూలానికి చెందినవి. మొదటి ముక్క 'బోగ్' అంటే నేటి స్లావిక్ భాషలన్నింటిలోనూ దేవుడు. కాబట్టి 'దేవుడిచ్చినవాడు' అని అర్థం చెప్పి ఊరుకోవచ్చు, పేర్ల పుస్తకాలన్నీ అంతటితోనే ఊరుకుంటాయి కూడా. అది తప్పు అర్థం కాదు గాని, సగం అర్థం మాత్రమే అని నా అభిప్రాయం.

ఎందుకంటే 'బోగ్' అన్న మాటకు దేవుడు అనే అర్థం స్థిరపడక ముందు 'భాగం', 'వాటా', 'అదృష్టం' అనే అర్థాలు ఉండేవని ఆ కుటుంబంలోని తక్కిన మాటలు సాక్ష్యం చెబుతున్నాయి. రష్యన్‌లో 'బొగాతియ్', పోలిష్‌లో 'బొగాతి', చెక్‌లో 'బొహతీ' అంటే ధనవంతుడు. పోలిష్‌లో 'ఉబోగి', చెక్‌లో 'ఉబొహీ' అంటే పేదవాడు, దీనుడు. 'బోగ్' లేనివాడు అని దాని నిర్మాణం. పోలిష్ రైతు తన ధాన్యాన్ని 'జ్బోజె' అంటాడు, చెక్ వర్తకుడు తన సరుకును 'జ్బొజీ' అంటాడు. రెండింటి లోపలా అదే 'బోగ్' కూర్చుని ఉంది. ఈ మాటలను తెలుగు చదువరికి వివరించడానికి నిఘంటువు అక్కర్లేదు. భాగం, భాగ్యం, భాగ్యవంతుడు, అభాగ్యుడు అని వరుసగా చెబితే చాలు. సంస్కృతంలోని 'భగ' శబ్దం స్లావిక్ 'బోగ్'కు జ్ఞాతి. పంచిపెట్టడం అనే అర్థం గల 'భజ్' ధాతువు నుంచి అది వచ్చింది. వేదాలలో భగుడు ఆదిత్యులలో ఒకడు, ఎవరి వాటా వారికి పంచే దేవుడు. భగవంతుడు అన్న మాటలోనూ ఆ భగమే ఉంది. స్లావులు 'బొగాతియ్' అన్నప్పుడు మనం భాగ్యవంతుడు అంటున్నాం, వారు 'ఉబోగి' అన్నప్పుడు మనం అభాగ్యుడు అంటున్నాం. ఈ వరుస మొదటిసారి నా కళ్లబడిన రోజున నేను పుస్తకం మూసి చాలాసేపు ఊరికే కూర్చున్నాను.

స్లావులు ఈ మాటను తమ పూర్వీకుల నుంచే వారసత్వంగా తెచ్చుకున్నారా, లేక నల్ల సముద్రానికి ఉత్తరాన ఉన్న గడ్డిమైదానాల్లో తమకు పొరుగువారైన సిథియన్, సర్మేషియన్ వంటి ఇరానీ భాషల జాతుల నుంచి అందుకున్నారా అన్న విషయంలో భాషావేత్తలు ఇంకా ఒక మాట మీదికి రాలేదు. ప్రాచీన పర్షియన్‌లో 'బగ' అంటే దేవుడే కాబట్టి రెండవ వాదానికీ బలముంది. ఎలా వచ్చినా, ఈ కుటుంబాలు మూడూ విడివిడిగా ఒకే పేరును కట్టుకున్నాయన్నది నాకు అన్నిటికన్నా ముచ్చటైన సంగతి. ఇరానీయులలో 'బగదాత' అనే పేరు ఉండేది. మన మహాభారతంలో సుప్రతీకమనే ఏనుగునెక్కి అర్జునుడితో పోరాడి పడిపోయిన ప్రాగ్జ్యోతిషపు ముసలి రాజు భగదత్తుడు. భగుడిచ్చినవాడు భగదత్తుడు, బోగ్ ఇచ్చినవాడు బొగ్దాన్. ప్రత్యయాలు వేరైనా ధాతువులు రెండూ అవే.

అయితే స్లావులలో ఈ పేరు ఇంత వ్యాపించడానికి కారణం క్రైస్తవమేనని ఒప్పుకోవాలి. గ్రీకులో 'థియోదొతోస్' అంటే దేవుడిచ్చినవాడు, 'థియోదోరోస్' అంటే దేవుడి కానుక. బొగ్దాన్ మొదటిదానికి అచ్చమైన అనువాదంలా ఉంటుంది. దక్షిణ స్లావుల 'బొజిదార్' రెండవదానికి సరిపోతుంది. కాని విచిత్రమేమంటే, దేవుడి మాట పేరులోనే ఉన్నా బొగ్దాన్ చర్చి పేరు కాలేకపోయింది. కీవ్ కేంద్రంగా ఉన్న పాత రుస్ దేశం 988లో క్రైస్తవాన్ని స్వీకరించిన తర్వాత అక్కడ చాలా శతాబ్దాల పాటు మనిషికి రెండు పేర్లుండేవి: బాప్తిస్మంలో ఏదో ఒక పునీతుడి పేరు, ఇంట్లోనూ వీధిలోనూ పిలవడానికి మరొక దేశీయమైన పేరు. ఎదురుచూడగా పుట్టిన బిడ్డ 'ఝ్దాన్', మూడవవాడు 'త్రెత్యాక్', దిష్టి తగలకుండా అందంలేనివాడు అని అర్థం వచ్చే 'నెక్రాస్'. బొగ్దాన్ ఈ రెండవ వరుసలోని పేరు. బాప్తిస్మం కాని పసివాడికి పేరంటూ ఉండదు కాబట్టి, అప్పటిదాకా ఆ బిడ్డను బొగ్దాన్ అని, ఆడపిల్లయితే బొగ్దానా అని పిలిచే ఆచారం కూడా ఉండేది. ఇంకా ఏ పునీతుడి రక్షణలోకీ చేరని, రేపటికి ఉంటుందో ఉండదో తెలియని ప్రాణాన్ని ఆ నడిమి రోజుల్లో 'దేవుడిచ్చినది' అని పిలుచుకోవడంలోని ఆర్తి నన్ను బాగా కదిలించింది.

ఈ రెండు పేర్ల పద్ధతికి అందరికీ తెలిసిన ఉదాహరణ బొహ్దాన్ ఖ్మెల్నిత్స్కియ్. ఉక్రెయిన్ గడ్డిమైదానాల యోధులైన కొసాక్కులకు హెత్మాన్, అంటే నాయకుడు, అయిన ఆయన బాప్తిస్మపు పేరు జినోవియ్. చరిత్రలో నిలిచింది మాత్రం రెండవ పేరే. పోలండ్-లిథువేనియా రాజ్యం మీద 1648లో తిరుగుబాటు లేవదీసి, ఆ ఏడాది చివర పాత పంచాంగపు క్రిస్మస్ దినాల్లో ఆయన కీవ్ నగరంలో ప్రవేశించినప్పుడు, అక్కడి విద్యార్థులూ మతాచార్యులూ ఎదురేగి, దాస్యం నుంచి జనాన్ని విడిపించిన మోషే అని ఆయనను కీర్తించి, దేవుడిచ్చినవాడు కాబట్టే బొహ్దాన్ అనే పేరు వచ్చిందని అన్నారు. ఆ కాలపు పోలిష్ రాయబారి ఒకరు రాసుకున్న దినచర్యలో ఈ ముచ్చట ఉంది. ఇంట్లో పిలవడానికి పెట్టుకున్న పేరు ఒక్కరోజులో రాజకీయ ప్రకటనగా మారిపోవడాన్ని అక్కడ చూడవచ్చు. నేడు కీవ్‌లోని సోఫియా చౌకులో 1888 నుంచి ఆయన విగ్రహం గుర్రం మీద ఉంది. ఉక్రెయిన్ కరెన్సీలో ఐదు హ్రివ్నియాల నోటు మీదా, తర్వాత వచ్చిన నాణెం మీదా ఆయన ముఖమే ఉంది. నా సహోద్యోగి ఒకసారి ఆ నీలి నోటును నా బల్ల మీద పెట్టాడు. ఒకవైపు ఈకల టోపీ, గుబురు మీసాల హెత్మాన్. రెండవవైపు సుబోతివ్ గ్రామంలో ఆయన కట్టించిన ఇల్యా చర్చి. చేతులు మారి మారి మెత్తబడిపోయిన ఆ కాగితం మీద 'బొహ్దాన్' అన్న అక్షరాలను అతను వేలితో చూపించాడు.

కాని ఈ కీర్తికి మరో పక్క కూడా ఉంది, దాన్ని దాటవేయడం న్యాయం కాదు. ఆ తిరుగుబాటు సంవత్సరాల్లోనే ఉక్రెయిన్ పట్టణాల్లో వేలాది యూదులు ఊచకోతకు గురయ్యారు. యూదుల జ్ఞాపకంలో ఆ హెత్మాన్ పేరు ఈనాటికీ శోకంతోనే ముడిపడి ఉంది. తల్లిదండ్రులు బిడ్డకు బొహ్దాన్ అని పెట్టుకునేటప్పుడు ఆయనను తలచుకోవచ్చు, తలచుకోకపోవచ్చు. పేరు ఆయనకన్నా చాలా పాతది.

స్లావులు కానివారి మధ్య కూడా ఈ పేరు గట్టిగా వేళ్లూనుకుంది. రొమేనియన్ లాటిన్ కుటుంబపు భాష అయినా, వారి చర్చికీ దర్బారుకూ శతాబ్దాల తరబడి స్లావుల పాత చర్చి భాష స్లావొనికే రాతభాషగా ఉండడం వల్ల బొగ్దాన్ అక్కడ సొంత పేరైపోయింది. 14వ శతాబ్దం నడుమ మరామురెష్ నుంచి కార్పాతియన్ కొండలు దాటివచ్చి మోల్దావియా రాజ్యాన్ని నిలబెట్టినవాడు మొదటి బొగ్దాన్. ఒట్టోమన్ తుర్కులు ఆ దేశం మొత్తాన్నే 'బోగ్దాన్' అని పిలిచారు. ఒక మనిషి పేరు దేశానికి పేరైన సందర్భాలు అరుదు. ఆయన సమాధి రదౌత్సి పట్టణంలోని సెయింట్ నికొలస్ చర్చిలో ఉంది. ఆయన వంశంలోనివాడైన మహా స్తెఫాన్ 1480లో ఆ సమాధి మీద స్లావొనిక్ అక్షరాలతో కొత్త రాతిపలక వేయించి, దాని మీద 'వృద్ధ బొగ్దాన్' అని చెక్కించాడు.

సెర్బియన్ల బొగ్దాన్ విజేత కాడు. 1389 నాటి కొసొవో యుద్ధాన్ని పాడే వారి జానపద వీరగాథల్లో యూగ్ బొగ్దాన్ అనే వృద్ధుడు తన తొమ్మిదిమంది కొడుకులతో కలిసి యుద్ధానికి వెళ్లి, వారితో పాటే మరణిస్తాడు. గుస్లె అనే ఒంటితీగ వాద్యాన్ని కమానుతో వాయిస్తూ పాడే గాయకులు ఆ తొమ్మిదిమంది తల్లి దుఃఖాన్ని పాడేటప్పుడు, రెండు కాకులు ఒక కొడుకు తెగిన చేతిని తెచ్చి ఆమె ఒడిలో పడవేస్తాయి. ఆమె దాన్ని తిప్పి తిప్పి చూసి, మెల్లగా మాట్లాడి, గుండె పగిలి చనిపోతుంది. దేవుడు ఇచ్చినవాటిని తిరిగి తీసుకోవడం గురించిన కథలో తండ్రి పేరు 'ఇవ్వబడినవాడు' కావడం యాదృచ్ఛికమే కావచ్చు. అయినా ఆ పేరు అర్థం తెలిసిన తర్వాత ఆ పాటను మునుపటిలా వినలేం.

ఇటీవలి కాలపువారిలో నేను ఇద్దరిని తలచుకుంటాను. దూరపు నక్షత్రం వెలుగును దారిలో ఉన్న మరో నక్షత్రపు గురుత్వాకర్షణ వంచినప్పుడు అది తాత్కాలికంగా ప్రకాశవంతమవుతుందని, ఆ వెలుగు ద్వారా కంటికి కనబడని వస్తువులను లెక్కపెట్టవచ్చని దారి చూపిన పోలిష్ ఖగోళ శాస్త్రవేత్త బొహ్దాన్ పాచిన్‌స్కి (1940–2007) ఒకరు. రెండవ ప్రపంచ యుద్ధకాలంలో క్రొయేషియాలోని యసెనొవాత్స్ నిర్బంధ శిబిరం ఉన్న చోట 1966లో పూర్తయిన బ్రహ్మాండమైన కాంక్రీటు పువ్వును రూపొందించిన సెర్బియన్ వాస్తుశిల్పి బొగ్దాన్ బొగ్దానొవిచ్ (1922–2010) మరొకరు. ఆయన ఇంటిపేరుకు అర్థం బొగ్దాన్ వంశంవాడు అనే. తరాల వెనుక ఏదో ఇంట్లో పుట్టిన ఒక బొగ్దాన్, మళ్లీ మనవల్లో ఒకరికి ముందుపేరుగా తిరిగివచ్చాడన్నమాట.

పోలండ్‌లో ఈ పేరు ఇప్పుడు ఎక్కువగా పెద్ద వయసువారిదే. ఉక్రెయిన్‌లో మాత్రం బడిపిల్లల్లోనూ వినిపిస్తుంది. చెక్ పంచాంగంలో నవంబరు 9న బొహ్దన్ పేరున్నవారికి శుభాకాంక్షలు చెబుతారు.

ఉక్రేనియన్‌లో మనలాగే సంబోధనకు ప్రత్యేకమైన విభక్తి ఉంది. బొహ్దాన్‌ను పిలవాలంటే 'బొహ్దానె' అనాలి. చిన్నప్పటి ముద్దుపేరు 'బొహ్దాన్కో'ను పిలిస్తే అది 'బొహ్దాన్కు' అవుతుంది. ఒక సాయంత్రం పని ముగిశాక మేము ఇంకా మాట్లాడుకుంటూ ఉండగానే అతని తల్లి ఫోన్ చేసింది. అతను నాకు సైగ చేసి ఫోన్ తీశాడు. అవతలి నుంచి ముసలి గొంతు, కాస్త గట్టిగా, రెండవ అక్షరాన్ని సాగదీస్తూ, 'బొహ్దాన్కు' అని పిలవడం నాకు కూడా వినిపించింది.