మంచం కింద రామప్పంతులు

1981లో మన విజయనగరం బడి నుంచి పదో తరగతి గట్టెక్కిన వాళ్లకి నా ముఖం గుర్తులేకపోయినా ఆ చీపురు దెబ్బ గుర్తుండే ఉంటుంది. ఆ ఏడు వార్షికోత్సవానికి 'కన్యాశుల్కం' మొదటి అంకంలోంచి మధురవాణి ఇంట్లో రంగం వేశాం. నేను జిత్తులమారి రామప్పంతుల్ని. గిరీశం కోసం లేచిన పూటకూళ్లమ్మ చీపురు వచ్చి పడేది మంచం కింద దాక్కున్న నా మీదే. బడిలో సానింటి రంగమేవిటని కొందరు మాస్టార్లు నసిగారు. "1892లో ఈ ఊళ్లోనే ఆడిన నాటకం, మన పిల్లలు వెయ్యకపోతే ఇంకెవరు వేస్తారు?" అని తెలుగు మాస్టారు పట్టుబట్టారు.

అంతకు ముందు ఏడే 'శంకరాభరణం' వచ్చింది. మా అమ్మ సినిమా చూసొచ్చి, శంకరశాస్త్రి గార్ని తల్చుకుని చేతులు జోడించేది. ఆ మాట క్లాసులో చెబితే మాస్టారు, "ఆ శాస్త్రులు గారు మీకు కొత్తేమోగానీ మాకు పాత రామప్పంతులేరా" అన్నారు. నేను నమ్మలేదు. నిజంగా నమ్మలేదు.

శంకరశాస్త్రి వేషం వేసిన జె.వి. సోమయాజులు గారిది శ్రీకాకుళం జిల్లా లుకలాం అగ్రహారం. రెవెన్యూ శాఖలో డిప్యూటీ కలెక్టరు దాకా ఎదిగిన ఉద్యోగి. తమ్ముడు రమణమూర్తి గారు గిరీశం, ఈయన రామప్పంతులు. అన్నదమ్ములిద్దరూ ఆ నాటకాన్ని ఏళ్ల తరబడి ఊరూరా ఆడారు. తమ్ముడు 1957లోనే 'ఎం.ఎల్.ఎ.'తో సినిమాల్లోకి వెళ్లిపోయారు. అన్నగారికి పేరు తెచ్చిన సినిమా రావడానికి మరో ఇరవై రెండేళ్లు పైనే పట్టింది.

రిహార్సల్లో దెబ్బ తగలగానే నేను గెంతులేసేవాణ్ణి. పిల్లలు పడీ పడీ నవ్వేవారు. మాస్టారు నవ్వలేదు. పక్కన కూర్చోబెట్టుకుని, "దెబ్బ తిన్నవాడు జనాన్ని నవ్వించాలని చూడడు నాయనా, పరువు కాపాడుకోవాలని చూస్తాడు. పంతులు తనని తాను పెద్దమనిషే అనుకుంటున్నాడు. ఆ నమ్మకం నీ ముఖంలో ఉంటే నవ్వు దానంతటదే వస్తుంది. సోమయాజులు వేషంలో నేను చూసింది అదే" అన్నారు.

ఆ ఆదివారం 'శంకరాభరణం' మళ్లీ చూశాను. ఈసారి పాటల కోసం కాదు. గొంతు బాలసుబ్రహ్మణ్యం గారిది. ఆ పాట పాడుతున్న మనిషి మాత్రం సోమయాజులు గారే. మెడ, భుజాలు, చూపు, అన్నీ ఆయనవే. చివరి కచేరీలో కుప్పకూలి, పాట అందుకున్న పిల్లవాడి కాలికి గండపెండేరం తొడిగే చోట కళ్లు తప్ప ఇంకేదీ పెద్దగా కదలదు. పంతులు పట్టుకు వేలాడేది లేని పరువు, శాస్త్రి నిలబెట్టుకునేది ఉన్న పరువు. రెంటికీ వెన్నెముక ఒకటే.

తర్వాత ఆయన్ని క్యారెక్టర్ ఆర్టిస్టుగా ఎన్నో వేషాల్లో చూశాను. 'సప్తపది'లో యాజులు, బాపు గారి 'త్యాగయ్య', 'ఆదిత్య 369'లో తిమ్మరుసు, హిందీ 'ప్రతిబంధ్'లో ముఖ్యమంత్రి. అన్నీ గౌరవనీయులే. నేను చూసినంతలో ఒక్క జిత్తులమారి వేషం కూడా తగల్లేదు. శంకరశాస్త్రి నీడ అంత పొడుగు. తెలుగు సినిమా ఆయనలో సగాన్నే వాడుకుందని నా బాధ. రెండో సగాన్ని నాటకం చూసినవాళ్లే ఎరుగుదురు.

2004 ఏప్రిల్ 27న ఆయన పోయారు. వార్త వినగానే, మా పూటకూళ్లమ్మకి ఫోన్ చేశాను. ఆ వేషం వేసినవాడు అప్పటికి ఇద్దరు పిల్లల తండ్రి. నేను నోరు విప్పకుండానే, "విన్నాన్రా" అన్నాడు. కాసేపటికి వాడే మొదలెట్టాడు. నా మాటలు నేనూ అందుకున్నాను. ఫోన్లోనే రంగం సగం నడిచింది. చీపురు ఎత్తే చోటికి వచ్చేసరికి వాడి గొంతు పెగల్లేదు.