బొడ్డు పియర్సింగ్‌తో పూల్‌లో దిగితే

బొడ్డు కుట్టించుకుని మూడు నెలలైంది, పైకి మానిపోయినట్టే ఉంది కదా అని పూల్‌లో దిగేశా, మర్నాటికి చుట్టూ ఎర్రగా వాచిపోయి బట్ట తగిలితే చాలు ప్రాణం పోయింది. లోపలిదాకా మానడానికి 6 నుంచి 12 నెలలు పడుతుందట, పై చర్మం ముందే మానేసి మోసం చేస్తుంది. మానేదాకా దిగకపోవడమే మంచిది, నేను మాత్రం తప్పనప్పుడు వాటర్‌ప్రూఫ్ డ్రెస్సింగ్ అంటించి (లోషన్ రాసుకుంటే అంచులు లేచిపోతాయ్) పైన వదులుగా వన్‌పీస్ వేసుకుంటున్నా. ఎవరికీ కనపడకుండా రింగే తీసేద్దామనుకున్నా గానీ కొత్త రంధ్రం చాలా త్వరగా మూసుకుపోతుంది. బయటికొచ్చాక డ్రెస్సింగ్ పీకేసి 0.9 శాతం సెలైన్‌తో కడిగి టిష్యూతో అద్దుతా. టవల్ అస్సలొద్దు, ఒకసారి దారం రింగుకి చిక్కుకుంటే అమ్మ తిడుతూనే కత్తెరతో కత్తిరించింది.