బాస్టోయ్ దీవిలో ఒక పగలు

నార్వేలోని హోర్టెన్ రేవులో చిన్న పడవ ఆగి ఉంది. తాడు కట్టిన కుర్రాడు నా బ్యాగు అందుకుని లోపల పెట్టాడు. ఎన్నాళ్లుగా చేస్తున్నావు ఈ ఉద్యోగం అని మాటవరసకు అడిగాను. "ఉద్యోగం కాదండీ, శిక్ష," అని నవ్వాడు. ఏమనాలో తోచక నీళ్లవైపు చూస్తూ నిలబడ్డాను.

రాజధాని ఓస్లోకి దక్షిణాన 75 కిలోమీటర్ల దూరంలో ఉంది బాస్టోయ్. దీవే జైలు. సుమారు 115 మంది ఖైదీలు. హత్య కేసుల్లో పడ్డవాళ్లూ ఉన్నారు. చుట్టూ గోడ లేదు, ముళ్లకంచె లేదు. అలాగని నేరం చేయగానే తెచ్చి ఇక్కడ దింపరు. ముందు తాళాల జైల్లో ఏళ్లు గడపాలి, తర్వాత అర్జీ పెట్టుకోవాలి. రోజుకు కొన్నిసార్లు తలలు లెక్కపెడతారు. తాగినా, మత్తుమందులు వాడినా మళ్లీ పాత జైలే.

మా చిన్న బృందాన్ని ముందు అడవి పని దగ్గరికి తీసుకెళ్లారు. ఒకతను మోటారు రంపంతో దుంగలు కోస్తున్నాడు. దాని చప్పుడు కంటే, అది ఎవరి చేతిలో ఉందన్న టెన్షనే నాకు ఎక్కువ. వెంట వచ్చిన అధికారి మాత్రం అతనితో వాతావరణం గురించి మాట్లాడుతున్నాడు. ఈ దేశంలో జైలు ఉద్యోగంలో చేరాలంటే రెండేళ్లు చదవాలి. స్వేచ్ఛ పోవడమే శిక్ష, దాని మీద ఇంకేదీ కలపకూడదన్నది వాళ్ల సూత్రం. సాధారణంగా పెద్ద శిక్ష 21 ఏళ్లు. ఇరవైల్లో లోపలికి వెళ్లినవాడు నలభైల్లో బయటికి వస్తాడన్నమాట.

అలాంటివాడొకడు తన ఇల్లు చూపించాడు. నలుగురైదుగురు కలిసి ఉంటున్నారు. రోజుకు ఒక పూట భోజనం అందరికీ వండుతారు, మిగతావి ఎవరికి వారే. వచ్చిన కొత్తలో గుడ్డు కూడా మాడ్చేవాడట. గిన్నెలు కడగకుండా వదిలేస్తే తోటివాళ్లు పెట్టే చీవాట్లు, వార్డెన్ తిట్లకంటే ఘాటుగా ఉంటాయన్నాడు. పొయ్యి మాత్రం తళతళలాడుతోంది.

ఏం చేశావని అడగలేకపోయాను. చనిపోయినవాళ్ల అమ్మ ఈ వంటింటిని చూస్తే? బయటికొచ్చాక ఆ మాట అధికారితో అన్నాను. నార్వేలో విడుదలైన రెండేళ్లలో మళ్లీ శిక్ష పడేది సుమారు 20 శాతం మందికేనని చెప్పాడు. మంచి అంకే. ఆ తల్లికి మాత్రం అది జవాబు కాదనిపించింది. అధికారి కూడా వాదించలేదు.

ఈ దీవికి ఇంకో చరిత్ర ఉంది. 1900లో ఇక్కడ తెరిచింది మగపిల్లల దిద్దుబాటు బడి. పేరుకే బడి. 1915 మేలో పిల్లలు తిరగబడి, ఫోను తీగలు తెంపి, పశువుల కొట్టానికి నిప్పు పెట్టారు. అణచడానికి సైన్యం దిగింది. 1970లో గానీ అది మూతపడలేదు. పిల్లల మీదికి తుపాకులు వచ్చిన చోటే, ఇప్పుడు రంపం పట్టిన ఖైదీతో అధికారి వాన గురించి మాట్లాడుతున్నాడు.

తిరిగి రేవులో దిగేటప్పుడు ఆ కుర్రాడే బ్యాగు అందించాడు. ఇంకెంతకాలం అన్నాను. "పద్నాలుగు నెలలు." ఇంకేదో అడగబోతుంటే, లెక్కింపుకు టైమైందంటూ తాడు విప్పేశాడు.