మొటిమల గోలీలు ఎన్ని నెలలు మింగాలి? కోర్సు ముగించిన నా అనుభవం

ఐసోట్రెటినాయిన్ చివరి క్యాప్సూల్ మింగి వారం కూడా కాలేదు. లోపల గడ్డలు కట్టి, చీము పట్టి, మానిన చోట గుంటలు పెట్టిపోయే మొటిమలకు ఇచ్చే మందు ఇది. కోర్సు మొత్తంలో నన్ను సతాయించిన ప్రశ్న ఒక్కటే: ఎప్పటిదాకా వాడాలి? మెడికల్ షాపులో ఒక మాట, ఊరి ఆర్‌ఎంపీ దగ్గర ఇంకో మాట, క్లినిక్‌లో అసలు మాటే లేదు. బీఫార్మసీ చదివినదాన్ని కాబట్టి లెక్క నేనే పట్టుకున్నాను. నల్లగొండ, మిర్యాలగూడ, దేవరకొండ దిక్కు ఇదే బాధ పడుతున్న పిల్లలు మస్తుమంది ఉన్నారు. వాళ్ల కోసం రాస్తున్నా.

ఐసోట్రెటినాయిన్ దాకా పోకముందు మొదటి మెట్టు యాంటీబయాటిక్. డాక్సీసైక్లిన్ 100 ఎంజీ, రోజుకు ఒకటో రెండో రాస్తారు. నిండు గ్లాసు నీళ్లతో మింగాలి, మింగిన వెంటనే పడుకోవద్దు. గోలీ ఆహారనాళంలో ఇరుక్కుంటే అక్కడ పుండు పడుతుంది. ఐరన్, కాల్షియం గోలీలు, గ్యాస్ మందులు అదే పూట వేసుకుంటే ఇది ఒంటికి సరిగా పట్టదు. ఎండకు చర్మం తొందరగా కమిలిపోతుంది, మన దగ్గర ఏప్రిల్, మే ఎండల్లో ఇది చిన్న విషయం కాదు. దీని గడువు మూడు నెలలు, మహా అయితే నాలుగు. ఆరు నుంచి ఎనిమిది వారాలకు ఫలితం కొంతైనా కనపడాలి. మూడు నెలలు నిండినా గడ్డలు లేస్తూనే ఉంటే, ఆరో నెల దాకా లాగడం కన్నా మందు మార్చడమే దారి. ఒంటరిగా దీన్ని వాడనే వద్దు. తోడు బెంజాయిల్ పెరాక్సైడ్ జెల్ పూయాలి, లేకపోతే మొటిమల బ్యాక్టీరియా మందుకు అలవాటు పడి మొండికేస్తుంది. ఆ జెల్ తువాళ్ల రంగు తీసేస్తుంది, తెల్లవి వాడండి.

ఇక్కడ నాకు మందుల షాపుల మీద కోపం ఉంది. చీటీ మీద ఒక నెలకు రాసినదాన్ని అదే చీటీ పట్టుకొని ఏడాది పాటు అమ్ముతారు. ఎన్ని నెలలైందని అడిగే నాథుడు ఉండడు. తెల్లగా చేస్తదని స్టెరాయిడ్ కలిసిన క్రీములు చేతిలో పెట్టేది కూడా వీళ్లే. అవి రాస్తే నాలుగు రోజులు నున్నగా ఉండి, ఆపగానే ముఖమంతా ఎర్రబారి మొటిమలు రెండింతలవుతాయి. చర్మానికి రాసే స్టెరాయిడ్లు చాలావాటిని 2018లోనే షెడ్యూల్ హెచ్‌లో పెట్టారు, అంటే డాక్టర్ చీటీ లేకుండా అమ్మరాదు.

రెండో మెట్టు రక్త పరీక్షలు. ఐసోట్రెటినాయిన్ మొదలు పెట్టే ముందు పరగడుపున లిపిడ్ ప్రొఫైల్ (రక్తంలో కొవ్వుల పరీక్ష), లివర్ పరీక్ష చేయించాలి. డోసు పెంచాక ఒకటి రెండు నెలల్లో మళ్లీ ఒకసారి. అందులో ట్రైగ్లిజరైడ్లు అనే కొవ్వు 500 దాటితే డోసు తగ్గించడమో ఆపడమో చేస్తారు. జిమ్ చేసేవాళ్లు పరీక్షకు ముందు రెండు మూడు రోజులు బరువులు ఎత్తకుండా ఉంటే మంచిది, కండరాలకు శ్రమ పడినా లివర్ రిపోర్టులో ఎస్‌జీవోటీ అనే ఎంజైమ్ పెరిగి కనపడుతుంది.

ఆడపిల్లలకు ఇంకో పరీక్ష ఉంటుంది, గర్భం లేదని తేల్చేది. ఈ మందు కడుపులో బిడ్డకు ఘోరమైన అవకరాలు తెస్తుంది, కొన్ని రోజులు వాడినా ప్రమాదమే. మొదలుపెట్టడానికి నెల ముందు నుంచి, వాడినన్ని రోజులు, ఆపాక ఇంకో నెల దాకా గర్భం రాకూడదు. అందుకే ముందు, తర్వాత నెలనెలా యూపీటీ (మూత్రంతో చేసే గర్భ పరీక్ష) అడుగుతారు. అడగాలి కూడా. కానీ నేను వెళ్లిన క్లినిక్ కౌంటర్‌లో కూర్చున్న మనిషి, బెంచీల నిండా జనం ఉండగా, "ఈ పిల్లకు ప్రెగ్నెన్సీ టెస్ట్ రాసిండ్రు, పెండ్లయిందా?" అని అరిచాడు. పక్కన మా అమ్మ. ఆ రోజు ఆమె ముఖం చూడలేకపోయాను. డాక్టర్ గది తలుపు మూసి ఒక్క నిమిషం ఎందుకో చెప్తే అయిపోయే పని అది. పెండ్లి కాని పిల్లకు ఈ పరీక్ష అవమానం కాదు, ఆమె గురించి ఎవరో ఏదో అనుమానించారని అర్థమూ కాదు. ఈ మందు వాడే ప్రతి ఆడమనిషికీ ఒకటే నియమం. తల్లిదండ్రులకు ఈ సంగతి ముందే చెప్పి తీసుకెళ్లండి.

ఇక అసలు లెక్క. తీవ్రమైన మొటిమలకు ఈ మందు గడువును నెలలతో కొలిస్తే తప్పుతుంది, ఒంటి బరువుతో కొలవాలి. కోర్సు మొత్తం మీద కిలో బరువుకు 120 నుంచి 150 ఎంజీ మందు లోపలికి పోవాలి. మొదటి నెల రోజుకు కిలోకు సగం ఎంజీతో మొదలుపెట్టి, తట్టుకుంటే ఒక ఎంజీ దాకా పెంచుతారు. 50 కిలోల మనిషిని తీసుకోండి. 120 చొప్పున 6,000 ఎంజీ, 150 చొప్పున 7,500. ఆ 6,000 నిండడానికి రోజుకు 20 ఎంజీ అయితే 300 రోజులు పడుతుంది, అంటే పది నెలలు. 30 అయితే 200 రోజులు. 40 అయితే 150 రోజులు, అంటే ఐదు నెలలు. 50 అయితే నాలుగు నెలలకే అయిపోతుంది. మొదటి నెల 20తో నడిపి తర్వాత 40కి పెంచితే ఐదున్నర నెలలు. అమెరికాలో మందు కాగితం మీద 15 నుంచి 20 వారాలు అని ఉండేది ఎక్కువ డోసు లెక్కన.

కాబట్టి "ఆరు నెలల కోర్సు" అనే మాటకు డోసు చెప్పకుండా అర్థమే లేదు. ఇదే 50 కిలోల పిల్ల రోజుకు 20 ఎంజీ చొప్పున ఆరు నెలలు వాడితే మొత్తం 3,600, అంటే కిలోకు 72. సగం దాటి కొంచెం. అక్కడ కోర్సు అయిపోయిందని ఆపేస్తే చాలామందికి ఏడాది తిరగకుండా గడ్డలు మళ్లీ వస్తాయి. అప్పుడు మందు పనిచేయలేదని తిట్టుకుంటారు. పాపం మందు చేసిన తప్పేముంది?

నేను వెళ్లిన క్లినిక్‌లో మొత్తం ఎంత మందు పోవాలని అడిగిన ప్రతిసారీ "మళ్లీ నెల రండి, చూద్దాం" అనే జవాబే వచ్చింది. చీటీ మీద ముప్పై రోజులు, ఫీజు, మళ్లీ ముప్పై రోజులు. బరువు తూచింది మొదటి రోజు ఒక్కసారే, అదీ నేనడిగితే. ఇంటికొచ్చి నోట్‌బుక్‌లో నాలుగు గడులు గీశాను: తేదీ, రోజుకు ఎన్ని ఎంజీ, ఎన్ని రోజులు, ఇప్పటిదాకా మొత్తం. తర్వాత చూపించుకున్న డాక్టర్ మేడం ఆ నోట్‌బుక్ చూసి, అందులో ఉన్న మొత్తం మీదనే మిగతా నెలలు లెక్కగట్టారు. ఇప్పుడు మా కాలేజీ జూనియర్లు అవే గడులు గీసుకుంటున్నారు, నాకు గర్వంగానే ఉంది. డాక్టర్ మారినా, ఊరు మారినా, మధ్యలో జ్వరమొచ్చి పది రోజులు ఆపినా ఆ మొత్తం చెడదు. మరిచిపోయిన గోలీని మర్నాడు రెండింతలు వేసుకోవద్దు, కోర్సు ఒక రోజు జరుగుతుంది అంతే.

ముఖం సాఫ్ అయిన నాడే ఆపొచ్చా? షాపులో అన్న అదే అన్నాడు: "సాఫ్ అయింది గద చెల్లె, ఇంకెందుకు పైసలు దండగ?" ఆపకూడదు. బ్రిటన్ 2021 మార్గదర్శకాల్లో ఒక వెసులుబాటు ఉంది: ఫలితం బాగుండి, నాలుగు నుంచి ఎనిమిది వారాలు కొత్త మొటిమ ఒక్కటీ రాకపోతే, మొత్తం నిండకముందే ఆపడం ఆలోచించవచ్చు. ఆ నిర్ణయం డాక్టర్ తీసుకోవాలి, షాపు కౌంటర్ కాదు. ఇంకో వైపు, మొత్తం కిలోకు 150 ఎంజీ దాటాక లాభం పెద్దగా పెరగదు. ఛాతీ, వీపు నిండా గడ్డలున్నవాళ్లకు కొంచెం పొడుగు పట్టొచ్చు. మొదటి నెలలో మొటిమలు పెరిగినట్టు కనిపించి చాలామంది అక్కడే వదిలేస్తారు, అది ముందే తెలిసిన దశ. మరీ ఘోరంగా లేస్తే డోసు తగ్గించి నడిపిస్తారు, అప్పుడు గడువు అంత సాగుతుంది.

లెక్క చెడగొట్టేవి ఇంకో రెండున్నాయి. ఒకటి, 20 ఎంజీ రాస్తే షాపులో లేదని 10 ఎంజీ పట్టీ చేతిలో పెడతారు, "అదే మందు" అని. అదే మందే, డోసు సగం. పట్టీ మీద అంకె చదివి తీసుకోండి. రెండోది తిండి. ఇది కొవ్వులో కరిగే మందు, ఖాళీ కడుపున వేసుకుంటే ఒంటికి పట్టేది దాదాపు సగానికి పడిపోతుంది. నోట్‌బుక్‌లో 6,000 నిండుతుంది, ఒంట్లో నిండదు. జొన్న రొట్టె, పచ్చిపులుసుతో తింటే సరిపోదు. గుడ్డు కూరో, పల్లీల పొడిలో నెయ్యి వేసుకునో, పాలతోనో, ఏదో ఒక నూనె వస్తువుతో పూట అన్నం తిన్నాకే మింగాలి. క్యాప్సూల్స్‌ను బండి డిక్కీలో పెట్టి ఎండలో తిరగొద్దు, మెత్తబడి అతుక్కుపోతాయి.

పెదాలు పగలడం అందరికీ ఉంటుంది, వాజ్‌లైన్ జేబులో ఉండాలి. ముక్కులో రక్తం, కళ్లు మంట, నడుము నొప్పి కొందరికి. విటమిన్ ఎ గోలీలు వేరే తీసుకోవద్దు. డాక్సీసైక్లిన్‌ను దీంతో కలపనే వద్దు, రెండూ కలిస్తే తలలో ఒత్తిడి పెరిగే ప్రమాదముంది. విడవని తలనొప్పి, చూపు మసక, మనసు బాగా కుంగిపోవడం, వీటిలో ఏది వచ్చినా మందు ఆపి వెంటనే డాక్టర్‌కు చెప్పండి. ప్రైవేటు ఫీజులు భారమైతే నల్లగొండ, మహబూబ్‌నగర్ ప్రభుత్వ మెడికల్ కాలేజీ ఆస్పత్రుల్లో చర్మ వైద్యుల ఓపీ ఉంటుంది.

ఆపాక కూడా పని ఉంది. ఆడవాళ్లకు గర్భం జాగ్రత్త ఒక నెల, ఎవరైనా సరే రక్తదానం చేయకుండా ఒక నెల. వ్యాక్సింగ్ ఆరు నెలలు వద్దు, చర్మం ఊడొస్తుంది. రాత్రి పూట అడాపలీన్ అనే మొటిమల జెల్ పల్చగా పూస్తూ ఉంటే మళ్లీ రాకుండా కాపాడుతుంది, అందుకు డాక్టర్‌ను అడిగి రాయించుకోండి. ఇదీ గర్భిణులకు పనికిరాదు. మొటిమలు తిరిగొస్తే రెండో కోర్సుకు కనీసం రెండు నెలలు ఆగాలి, ఎందుకంటే మందు ఆపాక కూడా ముఖం కొన్నాళ్లు బాగవుతూనే ఉంటుంది. నెలసరి సరిగా రాని, గడ్డం మీద వెంట్రుకలు వచ్చే అమ్మాయిలైతే రెండో కోర్సు మొదలుపెట్టకముందే పీసీఓఎస్ (అండాశయాలు, హార్మోన్ల తేడా సమస్య) పరీక్ష చేయించుకోండి. దానికి మందులు వేరే, వాటి గడువూ వేరే.