దోర్నకల్‌లో జనవరి ఒకటి

నిన్న రాత్రే దోర్నకల్ నుంచి మహారాష్ట్రలోని మా ఊరు బల్లార్షా చేరాం. కాళ్ల వాపు ఇంకా దిగలేదు, అయినా మనసులో ఆ వేడి ఉండగానే రాసుకోవాలని కూర్చున్నాను.

వానాకాలంలో మా చిన్నదానికి మెదడు జ్వరం వచ్చింది. పదకొండు రోజులు కళ్లు తెరవలేదు. ఆసుపత్రి వరండాలో మోకరించి, "ఇది లేచి నడిస్తే దోర్నకల్ తీసుకెళ్లి నీకు కృతజ్ఞత చెల్లిస్తాను ప్రభువా" అని మొక్కుకున్నాను. మొక్కింది దేవునికే, దోర్నకల్ మొదటి బిషప్, అక్కడే సమాధి ఉన్న అజరయ్య గారికి కాదు. కానీ మా అత్తమ్మ వాళ్ల తాత ఆయన కాలంలో బాప్తిస్మం తీసుకున్నవాడు. బొగ్గు గనుల పనికి ఇటు వచ్చాక కూడా ఆ ఇంట్లో అజరయ్య గారి పేరు పోలేదు.

అత్తమ్మ ఆ సంగతి ఎన్నిసార్లు చెప్పిందో! బాప్తిస్మం పొందేవాళ్లను అజరయ్య గారు తల మీద చెయ్యి పెట్టుకోమనేవారట. "నేను బాప్తిస్మం పొందిన క్రైస్తవుణ్ణి, సువార్త ప్రకటించకపోతే నాకు శ్రమ" అని, అంటే నాకు చేటు తప్పదని, వాళ్ల నోటితోనే చెప్పించేవారట. చదువురాని కూలీలు, వెలివాడల్లో బతికినవాళ్లు, అందరూ ఆ మాట చెప్పారు.

రైలు ప్రయాణం గురించి ఎక్కువ చెప్పను. కొత్త సంవత్సరం రద్దీ. కాజీపేట దాటాక బోగీలో కాలు పెట్టే చోటు లేదు, పిల్లను భుజానేసుకుని నిలబడ్డాను. దానికి ఇంకా ఎడమ కాలు బలం రాలేదు.

కెథడ్రల్ కనిపించగానే అలసట పోయింది. పైన మసీదుకుండే లాంటి గుమ్మటాలు, లోపల గుడి మండపంలో ఉండే లాంటి స్తంభాలు. మన నేలలోంచి మొలిచినట్టే ఉంటుంది. 1939 జనవరి 6న, జ్ఞానులు బాలయేసును దర్శించుకున్నందుకు చేసే ఎపిఫనీ పండగ రోజున, ప్రతిష్ఠ చేశారు. తిరునల్వేలి దగ్గర 1874లో పుట్టిన తమిళుడు అజరయ్య గారు. ముప్పై అయిదేళ్ల వయసులో నిజాం రాజ్యంలోని ఈ ఊరికి వచ్చి తెలుగు నేర్చుకున్నారు. 1912లో కలకత్తాలో అభిషేకం పొంది, ఇంగ్లండు చర్చి సంప్రదాయానికి చెందిన ఆంగ్లికన్ సంఘంలో మొట్టమొదటి భారతీయ బిషప్ అయ్యారు. బడిలో మరాఠీ, ఇంట్లో తెలుగు మాట్లాడే పిల్లల తల్లిని కదా, ఆ వయసులో కొత్త భాష పట్టుకోవడం ఎంత కష్టమో నాకు తెలుసు.

ఆయన చనిపోయింది 1945లో, ఇదే జనవరి 1న. ఆరాధన అయ్యాక ఆవరణలో సమాధి దగ్గరికి వెళ్తే తోపులాట. కొందరు కుర్రాళ్లు సమాధికి ఆనుకుని ఫోటోలు తీసుకుంటున్నారు. కడుపు మండింది. అది ప్రార్థన చేసే చోటు, కొంచెం పక్కకు జరగలేరా? పిల్ల భయపడి ఏడుపు మొదలుపెట్టింది.

అప్పుడు వెనక నుంచి ఒక ముసలమ్మ వచ్చింది. "ఏ ఊరు బిడ్డా?" అంది. "బల్లార్షా, అవ్వా" అన్నాను. "గంత దూరం నుంచి వచ్చిండ్రా!" అంటూ పిల్లను నా చేతుల్లోంచి తీసుకుని చంకనెత్తుకుంది. "జర్ర జరగుండ్రి, పానం బాగలేని పిల్ల" అని గట్టిగా అరిచింది. దారి వచ్చింది. ఆ వయసులో, ఆ సన్నటి చేతులతో, ఏడేళ్ల పిల్లను మోసింది.

సమాధి ముందు మాకు దొరికింది నిమిషం కూడా కాదు. 1910లో ఎడింబరోలో జరిగిన ప్రపంచ మిషనరీ సభలో అంతమంది తెల్లవాళ్ల ముందు నిలబడి, మీరు ఆస్తులిచ్చారు, ప్రాణాలిచ్చారు, మాకు స్నేహితులను కూడా ఇవ్వండి అని అడిగిన మనిషి ఈ రాళ్ల కింద ఉన్నాడు. నేను ప్రార్థన మరిచిపోయి ఊరికే చూస్తున్నాను. అవ్వే పిల్ల చేతిని దాని తల మీద పెట్టింది. ఆ మాట ఆమెకూ తెలుసు! ముక్కలు ముక్కలుగా చెప్పించింది, మా పిల్ల తన మరాఠీ యాసలో చెప్పింది.

చీరకని డబ్బులివ్వబోతే అవ్వ తీసుకోలేదు. తిరిగి మా చేతిలోనే మూడు జామకాయలు పెట్టి జనంలో కలిసిపోయింది. పేరు అడగనే లేదు, అదొక్కటి బాధగా ఉంది.

ఇంటికొచ్చేసరికి అత్తమ్మ మోకాళ్ల నొప్పులతో మంచం మీద మేలుకునే ఉంది. అన్నం తిన్నారా అని కూడా అడగలేదు.

"పిల్ల చెప్పిందా?"

"చెప్పింది అత్తమ్మా."

"నాకూ ఒకసారి చెప్పు తల్లీ" అని, దానికంటే ముందు తనే తల మీద చెయ్యి పెట్టుకుంది.