శరభం వెంట పడితే

మా గోదావరి జిల్లాల్లో వీరభద్రుణ్ణి కొలిచే ఇళ్ళల్లో పెళ్ళికి ముందు సంబరం చేస్తారు. వీరణం అనే వాద్యం మోగుతుంటే "అశ్శరభ శరభ, దశ్శరభ శరభ" అని కేకలేస్తూ ఊగిపోతారు. ఆ శరభం ఎలా ఉంటుందని అడిగితే మాత్రం "అదో పెద్ద జంతువులే" అని దాటేస్తారు. వింత జంతువుల జానపద కథల మీద వ్యాసం రాయాల్సి వచ్చినప్పుడు దీన్నే పట్టుకున్నాను.

పుస్తకాల పని తొందరగానే తెమిలింది. భారతం శాంతిపర్వంలో ఒక ముని తన కుక్కని చిరుత, పులి, ఏనుగు, సింహం చేసుకుంటూ పోయి, చివరికి శరభాన్ని చేస్తాడు. ఎనిమిది కాళ్ళు, సింహాన్ని కూడా చంపే బలం. అది మునినే తినబోతే మళ్ళీ కుక్కైపోతుంది. లింగపురాణంలో అసలు చిక్కు విడింది. హిరణ్యకశిపుణ్ణి చంపాక కూడా నరసింహస్వామి కోపం చల్లారకపోతే, శివుడి మాట మీద వెళ్ళిన వీరభద్రుడే శరభరూపం ఎత్తి ఆయన్ని అణిచాడట. వీరభద్రుడి సంబరంలో శరభం పేరు ఎందుకొచ్చిందో అప్పటికి అర్థమైంది.

మనుషుల దగ్గరే ఆలస్యమైంది. తరతరాలుగా సంబరాలు చేయిస్తున్న ఒక పెద్దాయన ఇంటికి వెళ్ళి, ఫోన్ రికార్డింగ్‌లో పెట్టి, సంబరంలో చదివేది ఒక్కసారి చదవమని అడిగాను. ఆయన ఫోన్ వంక, నా వంక చూసి, "ఊరికే చదవకూడదు బాబూ. పిలిస్తే వచ్చేస్తాడు. వచ్చాక పళ్లెం ఏదీ, కర్పూరం ఏదీ అంటే నువ్వు చెప్తావా?" అన్నారు. ఆయన భార్య లోపల్నించి "టీ తాగి వెళ్ళమనండి" అని కేకేశారు. టీ తాగుతూ కథ మాత్రం చెప్పారు. పురాణంలో లేని ముక్క ఒకటి అందులో ఉంది: శరభం రెక్క విసిరితే గోదావరి నీళ్ళు ఒడ్డెక్కాయట. చదవడం మాత్రం తర్వాత ఒక సంబరంలోనే రికార్డ్ చేసుకున్నాను. వీరణం మోతలో సగం మాటలు వినబడవు, అది వేరే బాధ.

అదే కథ నరసింహస్వామి కులదైవంగా ఉన్న ఇంట్లో అడిగితే ఆ ఇంటి మామ్మగారికి కోపమే వచ్చింది. "మా స్వామిని అణచడమేమిటి? ఆయన గండభేరుండమై ఆ శరభాన్ని చీల్చేశాడు" అన్నారు. గండభేరుండమంటే రెండు తలల పక్షి. మామ్మగారు చెప్పిన ఈ కథ వైష్ణవుల్లో బాగా ఉన్నదే. కుంభకోణం దగ్గర త్రిభువనంలో శరభమూర్తికి విడిగా సన్నిధి ఉంది. ఇటు విజయనగర రాజు అచ్యుతదేవరాయల నాణేల మీద గండభేరుండం ముక్కులతో, గోళ్ళతో ఏనుగుల్ని ఎత్తుకుపోతుంటుంది.

కర్ణాటకలోని బళ్ళిగావిలో 1047 నాటి గండభేరుండ స్తంభం ఉంది. మనిషి ఒళ్ళు, రెండు పక్షి తలలు. శరభంతో పోట్లాట ఊసే లేదక్కడ. పక్షి ముందు, పోట్లాట తర్వాత వచ్చి ఉంటాయని నా అనుమానం, ఇంకా తేల్చుకోలేదు.

వ్యాసంలో ఎవరు గెలిచారన్నది రాయలేదు. రెండు కథలూ పక్కపక్కన పెట్టి, చెప్పినవాళ్ళ ఇలవేల్పు ఎవరో కింద రాశాను. ఇప్పుడు కదిరి వైపు వెళ్ళాలని ఉంది. నరసింహస్వామి ఉన్న ఊరు కాబట్టి గండభేరుండం కథలు అక్కడ దొరకాలి.