పానగల్లు గుడిలో కదలని నీడ

నల్లగొండ నుంచి పానగల్లుకు నాలుగు కిలోమీటర్లే. ఉదయ సముద్రం చెరువుకు దగ్గర్లోనే ఛాయా సోమేశ్వరాలయం ఉంది. 11–12 శతాబ్దాల్లో కందూరు చోళులు కట్టించిన త్రికూటాలయం ఇది. ఒకే మండపానికి మూడు గర్భగుళ్లు. శివలింగం వెనక గోడ మీద స్తంభం లాంటి నీడ పొద్దున్నుంచి పొద్దుగూకే దాకా ఒక్కచోటే నిలిచి ఉంటుంది.

ఎండలో నుంచి నేరుగా గడప దగ్గరికి పోతే చీకటి తప్ప ఏమీ కనిపించదు. మేం ముందుగా పది నిమిషాలు మండపంలో కూర్చుంటాం. కన్ను చీకటికి పూర్తిగా అలవాటు పడడానికి అరగంట దాకా పడుతుంది గానీ, ఈ నీడకు అంతసేపు అక్కర్లేదు. ఫోన్ టార్చి మాత్రం వేయొద్దు, ఆ వెలుగుకు నీడ చెరిగిపోతుంది. గడపకు అడ్డంగా నలుగురు నిలబడినా అంతే, లోపలికి పోయే వెలుగే ఆగిపోతుంది.

నీడను చూసిన ప్రతి ఒక్కరూ వెనక్కి తిరిగి స్తంభం కోసం వెతుకుతారు. నీడ ఒకటైతే వస్తువు ఒకటి, దీపం ఒకటి ఉండాలని మన మనసు లెక్క. ఇక్కడ ఆ లెక్క కుదరదు. లోపలికి వచ్చేది నేరుగా పడే ఎండ కాదు, ఆకాశం నుంచీ నేల నుంచీ చెదిరి వచ్చే వెలుగు. మండపం స్తంభాల సందుల్లోంచి అది రెండు పక్కలా గోడ మీద పడుతుంది. రెండు వెలుగులూ అందని పట్టీయే మనకు కనిపించే స్తంభం. సందులు కదలవు కాబట్టి నీడా కదలదు. పొద్దు జరిగితే వెలుగు హెచ్చుతగ్గులవుతుంది, అంతే.

ఇంట్లో కూడా దీన్ని చూడొచ్చు. గోడకు నాలుగడుగుల దూరంలో, జానెడు ఎడంగా రెండు కొవ్వొత్తులు వెలిగించండి. అప్పడాల కర్రను కొవ్వొత్తులకూ గోడకూ మధ్యలో నిలబెడితే గోడ మీద రెండు పలచని నీడలు పడతాయి. కర్రను గోడకు బెత్తెడు దూరం దాకా జరపండి. రెండూ ఒకదాని మీదికి ఒకటి వచ్చి, నడుమ చిక్కని నలుపు తేలుతుంది.

ఆ నలుపు అంచు నిజానికి మెల్లగా పలచబడుతుంది. అయినా కన్ను అక్కడ గీత గీసినట్టు చూపిస్తుంది. ఈ అంచు భ్రమను ఆస్ట్రియా భౌతిక శాస్త్రవేత్త ఎర్నెస్ట్ మాక్ 1865లో వివరించాడు. గర్భగుడి నీడ రాతి స్తంభమంత నిటారుగా తోచడంలో కంటి పని కూడా ఉందని మా నమ్మకం.

హారతి వెలిగినప్పుడు మాత్రం నీడ మాయమవుతుంది. కర్పూరం ఆరాక తొందరపడి లేవకండి. కళ్లలో మంట మెరుపు తగ్గేకొద్దీ లింగం వెనక అది మళ్లీ మెల్లగా తేలుతుంది.